మనమా, మేమా? సొంత ఇంటి కథను డాక్యుమెంటరీగా తీయడంలో ఉన్న చిక్కు

తరాలుగా చెన్నైలో ఉంటున్న మా తెలుగు ఇంటి మీద ఒక డాక్యుమెంటరీ తీస్తున్నాను. ఎడిటింగ్ టైమ్‌లైన్ మీద దాని మొదటి నలభై సెకన్లు ఆరు నెలలుగా మూగగానే ఉన్నాయి. బొమ్మ ఉంది. వడపళని మాల్‌లో ఎస్కలేటర్ మీద మా అవ్వ, ఒక చేత్తో రైలింగు, ఇంకో చేత్తో నా మోచెయ్యి పట్టుకుని, పైకి పోతూ ఉంటుంది. కెమెరా నా చేతిలోనే ఉంది కాబట్టి ఫ్రేములో నేను కనిపించేది ఆ మోచెయ్యి వరకే. ఆ మాల్ ఉన్న జాగా ఒకప్పుడు విజయా వాహినీ స్టూడియోది. మా తాత అక్కడ ఎక్స్‌ట్రాగా పనిచేశాడు. ఈటె పట్టుకుని నిలబడే భటుడు, సభలో తల ఊపే పౌరుడు, యుద్ధంలో మొదటి దెబ్బకే పడిపోయే సైనికుడు.

ఈ బొమ్మ మీద నా గొంతు రావాలి. రాసుకున్న వాక్యం చిన్నదే: "ఒకప్పుడు ఇది మన సినిమా ఊరు." చదివి చూసుకుంటే ఏదో తేడా కొట్టింది. 'మన' కొట్టేసి 'మా' అని రాశాను. అదీ కుదరలేదు. నేను వృత్తిరీత్యా ఎడిటర్‌ని, ఇతరుల సినిమాల్లో ఇంతకంటే పెద్ద ముడులు విప్పాను. సొంత సినిమాలో రెండక్షరాల దగ్గర ఇరుక్కుపోయాను.

తెలుగువాడికి ఇది వివరించక్కర్లేదు గానీ, ఒకసారి తేటగా చెప్పుకుందాం. 'మనం' అంటే వింటున్న నువ్వు కూడా ఉన్నావు. 'మేము' అంటే నువ్వు లేవు. తమిళంలోనూ ఇదే తేడా ఉంది, 'నామ' వేరు, 'నాంగ' వేరు. హిందీలో రెంటికీ 'హమ్' ఒక్కటే, ఇంగ్లీషులోనూ ఒక్క మాటే. అంటే ఇంగ్లీషులో తన కథ చెప్పుకునేవాడు ఈ ప్రశ్నను దాటేసి వెళ్లిపోవచ్చు. మనకు వ్యాకరణమే అడ్డం నిలబడి అడుగుతుంది: ఎవరిని కలుపుకుని మాట్లాడుతున్నావు? తన గుర్తింపు గురించి, తాను ఎక్కడివాడనే దాని గురించి ఎవరైనా డాక్యుమెంటరీ తీస్తే, ఆ సినిమా లోపల నడిచే గొడవంతా చివరికి ఈ ప్రశ్నే అని నాకు అనిపిస్తుంది.

డాక్యుమెంటరీలో 'నేను' అనే మాటే మనకు కొత్త. మన ముందు తరాలు చూసిన డాక్యుమెంటరీ అంటే సినిమాహాల్లో అసలు బొమ్మకు ముందు వచ్చే నలుపు తెలుపు రీలు. 1948లో మొదలైన కేంద్ర ప్రభుత్వ ఫిల్మ్స్ డివిజన్ ఆనకట్టల మీద, మశూచి టీకాల మీద, గ్రామీణ చేనేత మీద చిత్రాలు తీసి, వాటిని అన్ని పెద్ద భాషల్లోనూ వ్యాఖ్యానంతో పంపేది. ఆ తెలుగు వ్యాఖ్యానం గుర్తుందా? మనిషి కనిపించడు, పేరు తెలియదు, ఏ జిల్లావాడో యాసను బట్టి పట్టలేం. దేశమే మాట్లాడుతున్నట్టు ఉండేది. నిజం అంటే ఎవరిదీ కాని గొంతులో చెప్పేది అని అలా మన చెవులకు అలవాటైపోయింది. అందుకే ఇప్పుడెవరైనా "మా నాన్న మాతో పదేళ్లు మాట్లాడలేదు" అని డాక్యుమెంటరీ మొదలుపెడితే కొందరు పెద్దలు ఇబ్బందిగా కదులుతారు. ఇది నీ ఇంటి గొడవ, మాకెందుకు చెప్తున్నావ్ అన్నట్టు. ఆ ప్రశ్న తీసిపారేయాల్సింది కాదు. దానికి జవాబు చెప్పలేని సొంతకథా చిత్రాలు నేను బోలెడు చూశాను, రెండు మూడు ఎడిట్ కూడా చేశాను.

ఈ రకం సినిమా పుట్టడానికి భావాల కంటే ముందు పరికరాలు కారణం. పెద్ద కెమెరా, దాని వెనక పదిమంది ఉంటే ఇంట్లోవాళ్లు ఇంట్లోవాళ్లలా ఉండరు. 1960 ప్రాంతంలో భుజాన వేసుకునే 16 ఎంఎం కెమెరాతో పాటే శబ్దం కూడా రికార్డు చేయడం వీలైంది. 1965లో కోడాక్ ఇంట్లోవాళ్లే తీసుకోగల చిన్న ఫిల్ము, సూపర్ 8 తెచ్చింది. 1990ల నడుమ చిన్న డిజిటల్ వీడియో టేపు, మినీ డీవీ వచ్చింది. ఇప్పుడు ఫోన్. ప్రతి మెట్టులోనూ కెమెరా వంటగదికి ఇంకొంచెం దగ్గరైంది.

సూపర్ 8 మాట వచ్చింది కాబట్టి ఒక సినిమా గురించి చెప్పాలి. 1965లో ఇంగ్లండ్ వెళ్లిన ఒక భారతీయ డాక్టరు రెండు సూపర్ 8 కెమెరాలు, రెండు ప్రొజెక్టర్లు, రెండు టేప్ రికార్డర్లు కొన్నాడు. ఒక సెట్టు తన దగ్గర ఉంచుకుని, రెండోది ఇండియాలో ఉన్న తన వాళ్లకు పంపాడు. దశాబ్దాల పాటు ఉత్తరాలకు బదులు రీళ్లూ టేపులూ అటూ ఇటూ నడిచాయి. ఆయన కూతురు సంధ్యా సూరి వాటినే దారంగా పెట్టుకుని 2005లో 'ఐ ఫర్ ఇండియా' తీసింది. తండ్రి తీసినప్పుడు అది సినిమా కాదు, క్షేమసమాచారం. అక్కడ మంచు కురుస్తోంది, ఇక్కడ అమ్మకు ఒంట్లో బాగాలేదు, నువ్వెప్పుడొస్తావు. నలభై ఏళ్ల తర్వాత కూతురు కత్తిరించి అతికించేసరికి అది ఎటూ చెందకుండా మిగిలిపోయిన ఒక మనిషి కథ అయింది. రీళ్లు అవే. వాటిని చూసే మనిషి మారింది, ఒక్కో రీలు పక్కన అతికించిన రీలు మారింది.

ఇక్కడే ఈ వ్యవహారంలో అసలు తిరకాసు బయటపడుతుంది. కాగితం మీద ఆత్మకథ రాసేటప్పుడు 'నేను' అని రాస్తే చాలు. రాసేవాడు, కథ చెప్పేవాడు, కథలో ఉన్నవాడు ముగ్గురూ ఒకడేనని పాఠకుడు ఒప్పేసుకుంటాడు. కెమెరాకు ఆ సర్వనామం లేదు. అది చూపిస్తుంది, అంతే. 1980లో ఎలిజబెత్ బ్రస్ అనే అమెరికన్ విమర్శకురాలు ఈ కారణంగానే సినిమాలో అసలైన ఆత్మకథ సాధ్యం కాదని వాదించింది. కెమెరా వెనక ఉంటే నువ్వు కనిపించవు. ముందుకొస్తే, నిన్ను చూస్తున్నది వేరే ఎవరో. చూసే నువ్వూ కనిపించే నువ్వూ ఒక్క ఫ్రేములో ఒక్కరిగా ఉండలేరు. సెల్ఫీ కెమెరా వచ్చాక ఈ మాటకు కాలం చెల్లిందని అనుకోవచ్చు. నేను ప్రయత్నించి చూశాను. ఫోన్ తిప్పి నన్ను నేను తీసుకుంటే అందులో ఉన్నది నా కథలో నేను కాదు, ఫోన్‌లో తనను తాను చూసుకుంటూ జుట్టు సర్దుకుంటున్న ఒక నలభై ఏళ్ల మనిషి.

కాబట్టి ఈ సినిమాల్లో 'నేను' ఒకడు కాడు, కనీసం ముగ్గురు. ఆ రోజుల్లో బతికినవాడు ఒకడు. కెమెరా పట్టుకుని ఇంట్లో తిరుగుతున్నవాడు ఇంకొకడు, వీడిని చూస్తే ఇంట్లోవాళ్లకు కొంచెం భయం, కొంచెం వెటకారం. మూడోవాడు ఎడిటింగ్ గదిలో కూర్చుని రాత్రి రెండింటికి ఏ మాట ఉంచాలో ఏది తీసేయాలో తేల్చేవాడు. ప్రేక్షకుడు మొదటివాడి కథ చూస్తున్నాననుకుంటాడు. నిజానికి చూస్తున్నది మూడోవాడి పని.

మా మేనమామ సంగతి చెప్తే ఇది తేలిగ్గా అర్థమవుతుంది. ఒక ఆదివారం రాత్రి రెండు పెగ్గుల తర్వాత, కెమెరా ఉందని తెలిసే, ఆయన అన్నాడు: "ఎన్ని తరాలున్నా ఈ ఊరు మనది కాదురా." నాకు ఒళ్లు ఝల్లుమంది. దొరికింది సినిమా అనుకున్నాను. మర్నాడు పొద్దున్నే ఫోన్. ఆ ముక్క తీసెయ్, మా వియ్యంకులు చూస్తే బాగుండదు. (వియ్యంకులు మధురై తమిళులు.) తీయనంటే తీయను అని నేను బెట్టు చేస్తే, "అయితే మళ్లీ అడుగు, సరిగ్గా చెప్తా" అని ఇస్త్రీ చొక్కా వేసుకుని కూర్చుని, "చెన్నై మాకు అన్నం పెట్టిన తల్లి" అన్నాడు. ఇప్పుడు నా దగ్గర రెండు క్లిప్పులు ఉన్నాయి. రాత్రిది నిజం, పగటిది నటన అని మొదట్లో అనుకునేవాణ్ని. అంత సులువు కాదు. ఆయన కూతుర్ని ఇచ్చింది ఈ ఊళ్లోనే, ఇల్లు కట్టింది ఈ ఊళ్లోనే, 2015 వరదల్లో నడుంలోతు నీళ్లలో ఆయన్ని మోసుకెళ్లింది పక్కింటి తమిళ కుర్రాళ్లు. పగటి మాటకూ ఆధారం ఉంది. పైగా గమనించండి, రాత్రి 'మనది' అన్నాడు, నన్ను కలుపుకుని. పగలు 'మాకు' అన్నాడు, ఎందుకంటే అప్పుడాయన మాట్లాడుతున్నది నాతో కాదు, వియ్యంకులతో. ఈ రెండు క్లిప్పుల్లో ఏది ముందు పెడతానన్నదాన్ని బట్టి మా మామ కృతఘ్నుడో, కపటో, లేదా రెండు పక్కలా నలిగే మామూలు మనిషో అవుతాడు. ఆయన బతుకులో లేని వరసను నేను టేబుల్ మీద ఇస్తున్నాను.

రెండో భటుడు

మా ఇంట్లో సూపర్ 8 రీళ్లు ఎక్కడివి? తాత ఫొటోలే మూడు. ఒకటి పెళ్లిది, ఒకటి తిరుత్తణి గుడి ముందు, మూడోది దండ వేసింది. కానీ తాత కదలడం నేను చూశాను, లేదా చూశాననుకుంటున్నాను. 1963లో విడుదలైన ఒక జానపద చిత్రంలో దర్బారు సీనుంది. సింహాసనం వెనక ఎడమవైపు రెండో భటుడు. మొత్తం కలిపితే పదకొండు సెకన్లు. ఒకచోట ముక్కు గోక్కోబోయి ఆగిపోతాడు. ఆ ముక్కు గోక్కోబోవడం మా తాతదేనని అవ్వ ఒట్టేసి చెప్తుంది. మా మామ ఒప్పుకోడు. "నాయన అంత పొడుగు కాదు" అంటాడు. తలపాగా, అంటించిన మీసం, మొహాన పాన్‌కేక్ మేకప్. ఎవరు తేలుస్తారు? ఎక్స్‌ట్రాల పేర్లు టైటిల్స్‌లో వేసేవాళ్లు కాదు. ఏజెంటు ఉదయం లారీ ఎక్కించుకుని వెళ్లేవాడు, సాయంత్రం బత్తా చేతిలో పెట్టేవాడు, లెక్క అక్కడితో చెల్లు.

మామూలు డాక్యుమెంటరీ అయితే ఇక్కడ ఆగిపోవాలి. రుజువు లేదు, వాడకూడదు. సొంతకథా చిత్రానికి మాత్రం అసలు సరుకు ఇదే. తమ వాళ్ల బొమ్మ చరిత్రలో లేనివాళ్లు ఏం చేయాలి అన్నది ఈ రంగంలో పాత ప్రశ్న. రెండో ప్రపంచయుద్ధంలో అమెరికా ప్రభుత్వం జపాన్ మూలాలున్న తన పౌరులను నిర్బంధ శిబిరాల్లో పెట్టింది. అలా శిబిరానికి వెళ్లిన కుటుంబంలో పుట్టిన రియా తజిరి 1991లో 'హిస్టరీ అండ్ మెమరీ' తీసింది. యుద్ధకాలపు ప్రచార చిత్రాలు, హాలీవుడ్ బొమ్మలు దండిగా ఉన్నాయి. శిబిరంలో తన తల్లి ఎలా బతికిందో చూపే బొమ్మ లేదు. తల్లికి కూడా అప్పటి సంగతులు పెద్దగా గుర్తు లేవు. కూతురి మనసులో మాత్రం ఒక దృశ్యం ఉండిపోయింది, ఎడారిలో కుళాయి దగ్గర అమ్మ నీళ్ల సీసా నింపుకుంటున్నట్టు. ఆ దృశ్యాన్ని ఆమె తిరిగి తీసింది. దాన్ని అసలు రీలు అని నమ్మించడానికి కాదు, అలాంటి రీలు లేదని చెప్పడానికి.

దీనికి పూర్తిగా ఇంకో వైపు సారా పోలీ ఉంది. తనను పెంచిన తండ్రి తన కన్నతండ్రి కాడని తెలిసిన కథను ఆమె 2012లో 'స్టోరీస్ వి టెల్' పేరుతో తీసింది. అందులో సూపర్ 8 ఇంటి రీళ్లలా కనిపించేవాటిలో చాలాభాగం నటులతో తీసినవే. ఆ సంగతి ప్రేక్షకుడికి బాగా ఆలస్యంగా తెలుస్తుంది. అప్పటిదాకా వాటిని నమ్మినందుకు కొందరికి కోపం వచ్చింది. నాకు మొదటిసారి వచ్చింది, రెండోసారి చూసినప్పుడు రాలేదు. ఆ ఇంట్లో అందరూ ఒకే కథను తలా ఒక రకంగా చెప్తున్నారు, మనం కూడా మోసపోవడం అందులో భాగమే అనిపించింది. అయినా మా తాత విషయంలో ఆ పని చేయడానికి నాకు మనసొప్పలేదు. ఇంకో మనిషికి మీసం అంటించి నిలబెడితే, ఏ సినిమారంగంలో ఆయన్ను ఎవరితోనైనా మార్చేయొచ్చు అనుకున్నారో, నేనూ అదే చేసినట్టవుతుంది. అందుకే పదకొండు సెకన్లనూ అలాగే ఉంచి, మీద అవ్వ గొంతు ఒకసారి, మామ గొంతు ఒకసారి వేశాను. అదే బొమ్మ రెండుసార్లు. మొదటిసారి మీరు తాతను చూస్తారు, రెండోసారి ఎవరో పొడుగాటి మనిషిని.

ఒకవేళ మీ దగ్గర నిజంగానే ఇంటి రీళ్లు ఉంటే ఒక హెచ్చరిక. చెన్నై తేమకు వీహెచ్ఎస్ క్యాసెట్లకు తెల్లగా బూజు పడుతుంది. అలాంటిది శుభ్రం చేయకుండా ప్లేయర్లో పెడితే హెడ్ పాడవుతుంది, టేపు చిక్కుకుని తెగుతుంది. మా అమ్మ పెళ్లి క్యాసెట్‌ని కంప్యూటర్ ఫైలుగా ఎక్కించి ఇమ్మని ఒక దుకాణంలో ఇచ్చాను. బాగానే చేశారు, కానీ 'వేస్టు' అనుకున్న ముక్కలన్నీ దయతలచి కత్తిరించేశారు. వీడియో తీసేవాడు కెమెరా ఆపడం మర్చిపోయి బల్ల మీద పెట్టినప్పుడు రికార్డయిన వంటింటి మాటలు, అందులో తాత గొంతు, అన్నీ పోయాయి. అసలు టేపు అప్పటికే తెగింది. ఎక్కించేవాళ్లకు ఏమీ కత్తిరించొద్దని కాగితం మీద రాసివ్వండి. సొంతకథకు పనికొచ్చేది వేస్టే.

ఇక హక్కుల సంగతి, ఎందుకంటే తాత నిలబడ్డ సినిమా తాతది కాదు. మన కాపీరైట్ చట్టం ప్రకారం సినిమా మీద హక్కు విడుదలైన మరుసటి ఏడాది మొదటి నుంచి లెక్కపెట్టి 60 ఏళ్లు. 1963 నాటి బొమ్మకు 2023 చివరితో అది తీరిపోయింది. ఇంత సంతోషం ఉండగానే వెనక ఒక పాట వినిపిస్తుంది. పాట సాహిత్యానికీ బాణీకీ లెక్క వేరు, రాసినవాళ్లు పోయాక మరో 60 ఏళ్లు. అంటే ఈటె పట్టుకున్న తాత స్వేచ్ఛ పొందాడు గానీ, ఆయన ముందు నాట్యం చేస్తున్న పాట ఇంకా చెరలోనే ఉంది. అమెరికాలో జోనథన్ కవెట్ తన బాల్యం గురించి, తల్లి మానసిక అనారోగ్యం గురించి తీసిన 'టార్నేషన్' 2003లో వచ్చింది. యాపిల్ కంప్యూటర్‌తో పాటు వచ్చే మామూలు ఎడిటింగ్ ప్రోగ్రాం మీద 218 డాలర్ల ఖర్చుతో చేశాడని పేరు. విడుదలకు ముందు పాటల, క్లిప్పుల హక్కులు కొనేసరికి అది సుమారు 4 లక్షల డాలర్లకు ఎక్కింది. పేదవాడి కెమెరాకు ఖర్చు లేదు, పేదవాడి జ్ఞాపకాలకు ఉంది, ఎందుకంటే అవి ఎవరో అమ్మిన పాటలతో నిండి ఉంటాయి.

కాలమ్‌లో ఒక్క మాటకే చోటు

గుర్తింపు అనగానే చాలామంది మనసులోని భావం అనుకుంటారు. ఎడిటింగ్‌కు కూర్చున్నవాడికి అది ముందు కాగితాల రూపంలో వస్తుంది. జనాభా లెక్కల్లో మాతృభాషకు నిర్వచనం ఉంది: చిన్నప్పుడు తల్లి ఆ మనిషితో మాట్లాడిన భాష. 2011 లెక్కల్లో తమిళనాడులో తెలుగు అని చెప్పుకున్నవాళ్లు సుమారు 42 లక్షలు, వందకు ఆరుగురు కూడా కాదు. మా అమ్మ నాతో మాట్లాడిన భాషను ఆ నిర్వచనంలో ఎలా పట్టాలి? "సరి, బువ్వ తిని పో, నేరం అయిపోయె" అనేది. 'నేరం' అంటే తమిళంలో పొద్దు. అవును అనడానికి 'ఆమా'. తెలుగు వాక్యంలో తమిళ పప్పు. కాలమ్‌లో ఒక్క మాటకే చోటుంటుంది, కాబట్టి మా నాన్న స్కూలు టీసీలో మాతృభాష తెలుగు, నా దాంట్లో తమిళం. అడ్మిషన్ రోజున గుమాస్తా అడిగితే అమ్మ ఖంగారులో ఏం చెప్పిందో ఆమెకే గుర్తు లేదు. ఇక మా అన్న కొడుకు దగ్గరికి వచ్చేసరికి 2006 చట్టం వచ్చింది, ఒకటో తరగతితో మొదలై ఏటా ఒక తరగతి చొప్పున బడిలో తమిళం తప్పనిసరి అయింది. వాడు తెలుగు మాట్లాడతాడు, చదవడు. నా సినిమా పేరు వాడికి నేనే చదివి వినిపించాలి.

ఈ మూడు టీసీలను వరసగా చూపిస్తే పదిహేను సెకన్లు. ఎవరి మీదా ఫిర్యాదు లేకుండా, ఎవరూ ఏడవకుండా, మూడు తరాలు జారిపోవడం కనిపిస్తుంది. ఇంటర్వ్యూలో కళ్లనీళ్లు పెట్టించడం కంటే ఇది నాకు గట్టి పద్ధతి అనిపిస్తుంది. ఈ మధ్య వస్తున్న సొంతకథా చిత్రాల్లో కళ్లనీళ్లు మరీ ఎక్కువయ్యాయి. క్లోజప్పులో ఏడుపు చూపిస్తే అది నిజాయితీ కింద లెక్కకొస్తుందని ఎవరు చెప్పారో తెలియదు.

చెన్నై తెలుగువాడి కథలో వెనక నడిచే పెద్ద చరిత్ర కూడా ఈ 'మన', 'మా'ల గొడవే. "మద్రాసు మనదే" అన్నది ఒకప్పటి నినాదం. 1949లో నెహ్రూ, పటేల్, పట్టాభి సీతారామయ్యల కమిటీ, ఆంధ్ర రాష్ట్రం కావాలంటే మద్రాసు నగరం మీద ఆశ వదులుకోవాలని తేల్చింది. మైలాపూరులో బులుసు సాంబమూర్తి గారింట్లో 1952 అక్టోబర్ 19న పొట్టి శ్రీరాములు నిరాహారదీక్ష మొదలుపెట్టి, డిసెంబర్ 15 రాత్రి కన్నుమూశారు. 1953 అక్టోబర్ 1న కర్నూలు రాజధానిగా ఆంధ్ర రాష్ట్రం వచ్చింది. ఆ నినాదంలోని 'మన' కర్నూలుకు వెళ్లిపోయింది. ఇక్కడ ఉండిపోయినవాళ్లు ఆ రోజు నుంచి 'మేము' అయ్యారు. తెలుగు సినిమా మాత్రం ఇంకొన్నాళ్లు ఇక్కడే ఉంది. 1976లో హైదరాబాదులో అన్నపూర్ణ స్టూడియోస్ వచ్చింది, తర్వాత ఒకరి వెంట ఒకరు కదిలారు. హీరోలకు, నిర్మాతలకు అక్కడ స్థలాలు, ఇళ్లు ఏర్పడ్డాయి. భటులను ఎవరూ తీసుకెళ్లలేదు. భటులు ఎక్కడైనా దొరుకుతారు కదా.

నన్ను చెన్నై స్కూల్లో 'గొల్టి' అని, అంటే తెలుగోడని వెక్కిరిస్తూ, పిలిచేవాళ్లు. హైదరాబాదు పోస్ట్ ప్రొడక్షన్‌లో పనికి వెళ్తే 'అరవోడు' అన్నారు. రెండు చోట్లా ముద్దుగానే అన్నారనుకోండి.

ఏ తెలుగులో చెప్పాలి

వాయిస్ ఓవర్ మూడుసార్లు రికార్డు చేశాను, సాలిగ్రామంలో ఒక చిన్న డబ్బింగ్ థియేటర్లో. మొదటిది పుస్తకాల తెలుగు. విని చూస్తే అచ్చం ఫిల్మ్స్ డివిజన్, మా అవ్వ ఏదో ఆనకట్టలా ఉంది. రెండోది ఇప్పటి సినిమా తెలుగు, అది హైదరాబాదు కుర్రాడెవరో మా ఇంటిని చూడ్డానికి వచ్చినట్టుంది. మూడోది ఇంట్లో మాట్లాడే తెలుగు. అందులో 'ఉండాది', 'ఆడికి పోతిమి', 'రొంబ', అన్నీ ఉన్నాయి. మైకు అవతల కూర్చున్న తమిళ ఇంజనీరు ఇయర్‌ఫోన్ తీసి, "సార్, ఇది తెలుగేనా? నాకు మొత్తం అర్థమవుతోంది" అన్నాడు. అది మెచ్చుకోలా, ఎత్తిపొడుపా అని ఆ రోజంతా ఆలోచించాను. చివరికి ఆ మూడోదే ఉంచాను. దీనికి ఆదర్శం కంటే ఎడిటింగ్ కారణం ఎక్కువ. అవ్వ మాట పక్కన ఇంకే తెలుగు పెట్టినా ఆమె మాట తప్పులా వినిపిస్తోంది. వ్యాఖ్యాత శుద్ధంగా మాట్లాడితే ఇంట్లోవాళ్లంతా నమూనాలైపోతారు, మనం అద్దం వెనక నుంచి చూసే వస్తువులు. 'నేను' కూడా వాళ్లలాగే మాట్లాడితే ప్రేక్షకుడే ఆ ఇంట్లోకి కొత్తగా వచ్చినవాడవుతాడు.

సబ్‌టైటిల్స్ దగ్గర ఈ జాగ్రత్తంతా కొంత నీరుగారుతుంది. వరుసకు 42 అక్షరాలకు మించకుండా, రెండు వరుసల్లో, ఇంగ్లీషులో. తెలుగు, తమిళం, రెంటి కలగలుపు మూడూ ఒకే ఇంగ్లీషు అవుతాయి. తమిళ మాట వచ్చినచోట వాలు అక్షరాలు పెట్టి చూశాను. మా అవ్వ వాక్యం గళ్ల లుంగీలా తయారైంది, తీసేశాను.

సమ్మతి విషయంలో పద్ధతి ఏమిటంటే, కనిపించే ప్రతి ఒక్కరి చేతా రిలీజ్ ఫామ్ మీద సంతకం పెట్టించుకోవాలి. బయటివాళ్ల దగ్గర ఆ కాగితం పనిచేస్తుంది. ఇంట్లో దాని విలువ ఎంత? "యాడ పెట్టాల్నో చెప్పు" అని అవ్వ చదవకుండా పెట్టేసింది. నేను బ్యాంకు లోన్ కాగితం ఇచ్చినా పెట్టేది. అందుకే కాగితం పక్కన పెట్టి, రఫ్ కట్ (మొదటి చిత్తు ఎడిటింగ్) అయ్యాక ఇంట్లో టీవీకి తగిలించి అందరికీ చూపించాను. ఎవరికి ఏ ముక్క వద్దంటే దాని గురించి మాట్లాడదామని మాటిచ్చాను, తీసేస్తానని కాదు. మామ తన రాత్రి మాట విని కాసేపు ఏమీ అనలేదు. తర్వాత, "రెండూ పెట్టు. ఒకటే పెడితే నేను వేరేవాణ్ని అవుతా" అన్నాడు. సిద్ధాంత వ్యాసాల్లో నేను చదివినదంతా ఆయన ఒక్క వాక్యంలో చెప్పాడు, పైగా ఈసారి తాగలేదు.

అవ్వ మాత్రం సినిమా నడుస్తుంటే బియ్యం ఏరుతూనే ఉంది. రెండో భటుడు వచ్చినప్పుడు మాత్రం చేట ఆగింది.

మూగగా ఉండిపోయిన ఆ మొదటి నలభై సెకన్ల కోసం మళ్లీ రష్‌లన్నీ, అంటే తీసిన ముడి క్లిప్పులన్నీ, వేసుకుని కూర్చున్నాను. మాల్‌లో తీసిన నాలుగో క్లిప్పు, ఎస్కలేటర్ దిగాక, ఫుడ్ కోర్టులో. గోల ఎక్కువగా ఉందని లాగ్ షీటులో 'సౌండ్ బాలేదు' అని రాసి పక్కన పడేసిన క్లిప్పు అది. అవ్వ చుట్టూ చూసి, చేత్తో ఒక మూల చూపించి అంటుంది: "ఆడ ఫ్లోరు ఉండె. వాన పడె, షూటింగ్ నిలిచిపాయె. ఆ దినం మనకి బత్తా ఈలేదు." నేను పుట్టడానికి ఇరవై ఏళ్ల ముందు సంగతి. 'మాకు' అనలేదు, 'మీ తాతకు' అనలేదు.

ఆ క్లిప్పులో గొంతును మాత్రం తీసుకుని, గోలతో సహా, ఎస్కలేటర్ బొమ్మ కింద పెట్టాను. నేను రాసుకున్న వాక్యం తీసేశాను. ఇంగ్లీషు సబ్‌టైటిల్‌లో ఆ 'మనకి' ఎలాగూ రాదు.